లైన్ క్లియర్ పుస్తకం

మా రోజుల్లో కరెంటు స్తంభం ఎద్దులబండి మీద ఊరికి వచ్చేది. బండికి ఒకటి, మహా అయితే రెండు. నల్లరేగడి తడిసిందంటే చక్రం ఇరుసు దాకా దిగబడేది, ఆ పూటకు పని అక్కడితో సరి. గుంత తవ్వేది మేము, స్తంభం లేపేది ఊరు. మోకులు కట్టి నాలుగు దిక్కులా మనుషులు లాగుతుంటే, నడుమ నిలబడి మా లైన్‌మ్యాన్ కేకలు వేస్తుంటే, అది మెల్లగా తల ఎత్తేది. మధ్యాహ్నానికి ఎవరో ఒకరి ఇంట్లో సంగటి, ఊరుబిండి. అన్నం పెట్టిన ఇల్లు ఏదో మాకు గుర్తుండేది, స్తంభం పాతిన మనిషి ఎవరో ఊరికి గుర్తుండేది.

1978లో ఉరవకొండ ప్రాంతంలో హెల్పరుగా చేరి, 2017లో లైన్ ఇన్‌స్పెక్టరుగా దిగిపోయినవాణ్ణి. ఎన్ని ఊళ్ళకు తీగ లాగానో లెక్క రాసుకోలేదు. ఏ ఊళ్ళో మొదటి బల్బు ఎక్కడ వెలిగిందో మాత్రం ఇప్పటికీ చెప్పగలను. ఒక ఊళ్ళో దేవళం ముందర, ఒక ఊళ్ళో బడి వసారాలో. బెళుగుప్ప వైపు ఒక చిన్న పల్లెలో బల్బు వెలిగిన సాయంత్రం ఒక ముసలమ్మ పసుపూ కుంకుమా తెచ్చి స్తంభానికి పెట్టింది. తరువాత నా వైపు తిరిగి, "నీ పేరేందబ్బీ?" అని అడిగింది. చెప్పాను. ఆమె బతికినన్నాళ్ళూ, ఫ్యూజు పోయినప్పుడల్లా నా పేరు పెట్టే కబురు పంపేది.

మా పనిలో ఒక పుస్తకం ఉండేది. సబ్‌స్టేషన్‌లో ఆపరేటరు బల్ల మీద, తాడు కట్టిన పెన్నుతో పాటు. ఎల్‌.సి. పుస్తకం అనేవాళ్ళం. లైన్ క్లియర్. ఏ ఫీడరు, ఎవరు తీసుకున్నారు, ఎన్ని గంటలకు, ఏ పనికి, కింద సంతకం. పని అయ్యాక తీసుకున్నవాడే తిరిగి ఇవ్వాలి. వేరెవడో వచ్చి "అయిపోయిందన్నా, లైన్ వెయ్యి" అంటే ఆపరేటరు వెయ్యకూడదు, ఎంతటివాడు చెప్పినా సరే. స్తంభం మీద ఇంకా మనిషి ఉండొచ్చు. ఎవరి పేరు మీద కరెంటు ఆగిందో వాళ్ళ పేరు మీదే తిరిగి రావాలి. ఈ నియమం తప్పినచోట నాతో పనిచేసిన ఇద్దరు పోయారు. ఒకడికి అప్పటికి పెళ్ళయి ఏడు నెలలు. అందుకని, కరెంటు పనిలో పేరూ సంతకమూ లేని మనిషిని నేను మొదట్నుంచీ నమ్మలేదు, ఇప్పుడూ నమ్మను.

ఇప్పుడు మా ఊరి చుట్టూ కరెంటు పుడుతోంది. ఉరవకొండ, వజ్రకరూరు, బెళుగుప్ప, ఏ దిక్కు చూసినా గాలిమరలు. తొలకరికి జనం వజ్రాలు వెతుక్కునే చేలల్లో కూడా వాటి నీడలు తిరుగుతుంటాయి. రాష్ట్రం విడిపోయిన 2014 తరువాత నాలుగైదేళ్ళలోనే ఆంధ్రప్రదేశ్‌లో గాలి కరెంటు నాలుగు వేల మెగావాట్ల దాకా ఎగబాకింది, అందులో అనంతపురం గాలిదే పెద్ద చెయ్యి. నా సర్వీసు చివరి రెండేళ్ళూ ఆ మరల రెక్కల వెంట తిరగడంతోనే గడిచింది. యాభై, అరవై మీటర్ల రెక్క ఒకటే లారీ మీద వస్తుంటే దాని ముందర మేము నడిచేవాళ్ళం. వీధి మలుపులో ఇళ్ళ సర్వీసు వైర్లు విప్పాలి, ఎల్‌.టి. లైను పక్కకు లాగాలి, రెక్క దాటాక మళ్ళీ బిగించాలి. ఒక్కో రోజు ఎల్‌.సి. పుస్తకంలో నా సంతకాలు పది. ఊళ్ళోవాళ్ళు పిల్లల్ని భుజాల మీద ఎక్కించుకుని చూసేవాళ్ళు. నేనూ చూశాను. అంత పొడుగు వస్తువు అంత నున్నగా చెయ్యగలిగిన చేతుల మీద నాకు గౌరవం కలిగింది, ఆ మాట దాచుకోను.

కానీ ఆ రెక్క ఎవరిది అని అడిగితే లారీతో వచ్చినవాళ్ళు ఒక పేరు చెప్పారు, మరను నిలబెట్టేవాళ్ళు ఇంకో పేరు, పొలం కొన్న కాగితంలో మూడో పేరు.

కంపెనీలు పెరగడం నాకు తప్పుగా తోచదు. హైదరాబాదులోనే పుట్టి పెరిగిన గ్రీన్‌కో సంగతి చూడండి. చలమలశెట్టి అనిల్, కొల్లి మహేష్ అని ఇద్దరు తెలుగువాళ్ళు మొదలుపెట్టారు. తొలినాళ్ళలో వాళ్ళవి పొట్టూ చెత్తా కాల్చి కరెంటు తీసే బయోమాస్ ప్లాంట్లు, వాగుల మీద చిన్న చిన్న జలవిద్యుత్ కేంద్రాలు. 2007లో లండన్ మార్కెట్‌లో షేర్లు అమ్మి డబ్బు తెచ్చుకున్నారు. తరువాత గాలిలోకి దిగారు, ఆపై సోలారులోకి. 2015లో సింగపూర్ ప్రభుత్వపు పెట్టుబడి సంస్థ జి.ఐ.సి. ఆ కంపెనీలో పెద్ద వాటా తీసుకుంది, ఆ తరువాత అబుదాబి ప్రభుత్వ నిధి వచ్చింది, జపాన్ నుంచి ఓరిక్స్ వచ్చింది. ఇరవై ఏళ్ళు తిరక్కుండానే ఏడు వేల మెగావాట్ల పైమాట అయింది.

మా బోర్డు సంగతి చెబుతాను. 1959 ఏప్రిల్ 1న ఆంధ్రప్రదేశ్ విద్యుత్ బోర్డు పుట్టినప్పుడు దాని చేతిలో ఉన్నది 213 మెగావాట్లు. మాచ్‌ఖండ్, తుంగభద్ర, ఇంకొన్ని చిన్నా చితకా. అక్కణ్ణుంచి శ్రీశైలం, సాగర్, కొత్తగూడెం, విజయవాడ, ముద్దనూరు దగ్గర రాయలసీమ థర్మల్ దాకా మెట్టు మెట్టుగా ఎక్కి వేల మెగావాట్లు చేరేసరికి నలభై ఏళ్ళు పట్టింది. 1999 ఫిబ్రవరి 1న దాన్ని విడగొట్టి జెన్‌కో అన్నారు, ట్రాన్స్‌కో అన్నారు, మరుసటేడు పంపిణీ సంస్థలు వేరయ్యాయి. నలభై ఏళ్ళ పెరుగుదలను ఇరవై ఏళ్ళ పెరుగుదలతో పోల్చి మా మనవడి వయసువాళ్ళు నన్ను అడుగుతారు, "తాతా, మీవాళ్ళు అంత నిదానమా?" అని.

నిదానమే. ఎందుకంటే మేము మెగావాట్లు ఒక్కటే పెంచలేదు. ఆ నలభై ఏళ్ళలో ఊరూరికీ లైను వేశాం, లక్షల మోటార్లకు కరెంటు ఇచ్చాం. లాభం రాదని తెలిసిన పల్లెకు కూడా పదిహేను స్తంభాలు పాతుకుంటూ పోయాం. 1969లో గ్రామీణ విద్యుదీకరణ సంస్థ పెట్టిందే ఆ పనికి అప్పులివ్వడానికి. కొండ మీద మరను నిలబెట్టి, దాని కరెంటును పెద్ద లైనులో కలిపేస్తే కంపెనీ పని ముగుస్తుంది. కొండ కింద గుడిసెకు మీటరు పెట్టాల్సిన బాధ్యత దానిది కాదు. అది దాని తప్పని నేను అనడం లేదు, దాని పనే అది. కాకపోతే రెండు పెరుగుదలల్నీ ఒకే కొలతతో కొలవొద్దు.

మా ఊళ్ళో చాలామంది అడిగే ప్రశ్న ఒకటుంది. "మన గాలితో తీసే కరెంటు మనకెందుకు రాదన్నా?" ఓపికగా చెబుతుంటాను. మరలో పుట్టే కరెంటు 690 వోల్టులు. మర అడుగునే ఉన్న ట్రాన్స్‌ఫార్మరు దాన్ని 33 కేవీకి పెంచుతుంది. అలా ఇరవై, ముప్పై మరల తీగలు ఒక పూలింగ్ సబ్‌స్టేషన్‌కు చేరతాయి, అక్కడ 220 కేవీ అవుతుంది. అక్కణ్ణుంచి ఉరవకొండ దగ్గర ట్రాన్స్‌కో కట్టిన 400 కేవీ సబ్‌స్టేషన్‌కు పోయి, గ్రిడ్‌లో కలిసిపోతుంది. మన మోటారుకు వచ్చేది 11 కేవీ లైను నుంచి, వేరే దారిన. సముద్రంలో కలిసిన వంక నీళ్ళను మళ్ళీ చెంబుతో వెతుక్కోలేం కదా, ఇదీ అంతే. ఇంత చెప్పాక అడిగినవాడు తల ఊపుతాడు గానీ మనసులో ఒప్పుకోడు. రాత్రిపూట తన చేనికి కాపలా పడుకుని, నెత్తిన ఎర్ర దీపం మిణుకుమంటూ మర తిరుగుతుంటే, తన బోరుకు మాత్రం పగలు ఇచ్చే తొమ్మిది గంటలే అని లెక్క పెట్టుకునేవాడికి వోల్టులు చెబితే ఏం లాభం?

నేను చెప్పేది ఆ 400 కేవీ సబ్‌స్టేషన్ గురించి. అది కట్టింది ప్రభుత్వ సంస్థ. ఆ లైన్లు నిలబడింది ప్రజల డబ్బు మీద. కంపెనీల పెరుగుదల కథల్లో ఈ మాట రాదు. నా సణుగుడులో పెద్ద భాగం ఇదే.

గాలి మాట కూడా అంతే. ఆషాఢం వచ్చిందంటే మా దగ్గర గాలి మనిషిని తోసేస్తుంది. చెనిక్కాయ విత్తే రోజుల్లో గింజ చేతిలోంచి పడేలోపే పక్క సాలుకు పోతుంది. అది మాకు తెలుసు, మా తాతలకు తెలుసు. కానీ ఏ కొండ మీద, ఎంత ఎత్తున, ఏ నెలలో ఎంత వేగం అన్నది కాగితం మీద పెట్టకపోతే ఏ బ్యాంకూ అప్పివ్వదు. ఆ కాగితం ఎవరు రాశారు? అన్నా మణి అని ఒక శాస్త్రవేత్త. కేరళలో పుట్టారు, సి.వి.రామన్ దగ్గర పనిచేశారు, వాతావరణ శాఖలో డిప్యూటీ డైరెక్టర్ జనరల్‌గా 1976లో రిటైరయ్యారు. రిటైరై ఇంట్లో కూర్చోలేదు. ఎండను కొలిచి 1980 ప్రాంతంలో పుస్తకాలుగా వేశారు, ఆపైన బెంగుళూరు నుంచి దేశంలో గాలిని కొలిపించారు. కొండల మీద సన్నటి స్తంభాలు, వాటికి తిరిగే చిన్న గిన్నెలు. అలాంటి స్తంభం ఒకటి మా వైపు కొండ మీదా ఉండేది. నెలకొకసారి ఒకాయన సంచీ భుజాన వేసుకుని ఎక్కి, లెక్క రాసుకుని దిగేవాడు. దాహానికి మా సబ్‌స్టేషన్‌లోనే నీళ్ళు తాగేవాడు. "ఏం సార్, గాలిని కూడా అమ్ముతారా?" అని మా ఆపరేటరు అడిగితే, "ముందు కొలవాలి కదప్పా" అన్నాడు. ఆ కొలత మీద ఇవాళ వేల కోట్లు నిలబడి ఉన్నాయి. ఆమె 2001లో పోయారు. మా జిల్లాలో ఏ మర కింద చూసినా ఆమె పేరు నాకు కనపడలేదు. ఒక్క మరకైనా పెట్టి ఉండాల్సింది.

మా దగ్గర మొదటి మరలు రామగిరి వైపు వచ్చాయి, 1990ల్లో. ఒక పక్క బంగారు గని మూతపడే దశకు వచ్చింది, ఇంకో పక్క కొండ మీద చిన్న మరలు లేచాయి. ఒక్కోటి రెండు, రెండున్నర వందల కిలోవాట్లు, ఇప్పటివాటి ముందు పిల్లకాయలు. పెట్టినవాళ్ళలో చాలామందికి అసలు వ్యాపారాలు వేరు. మర ఖరీదు మొత్తాన్నీ మొదటి ఏడే తరుగుదల కింద రాసుకుంటే పన్ను మిగులుతుంది కాబట్టి పెట్టారు. పన్ను మిగిలాక మర తిరిగిందా లేదా అని చూసే మనసు అందరికీ ఉండదు. తిరగని మర నాకు ఎండిన బావిలాగా కనిపించేది. ఈ విషయంలో ఇప్పటి పద్ధతే మేలు. ఇప్పుడు యూనిట్లు లెక్కగట్టి డబ్బు ఇస్తారు. మర ఆగితే రాబడి ఆగుతుంది, అందుకని ఆగిన మరను బాగుచేయడానికి అర్ధరాత్రి కూడా మనుషులు ఎక్కుతున్నారు. వంద మీటర్ల పైన, గాలి కొడుతుంటే, నడుముకు బెల్టు కట్టుకుని పనిచేసే ఆ పిల్లలు మా లైన్‌మ్యాన్ జాతివాళ్ళే. వాళ్ళను చూస్తే నాకు ప్రాణం లేచొస్తుంది.

అప్పట్లో వీటిని 'సాంప్రదాయేతర ఇంధన వనరులు' అనేవాళ్ళు. కేంద్రంలో దానికొక మంత్రిత్వ శాఖ, రాష్ట్రంలో నెడ్‌క్యాప్. నెడ్‌క్యాప్ అంటే గోబర్‌గ్యాస్, పొగరాని పొయ్యి, సోలారు లాంతరు. అప్పుడు ఒక సోలారు పలకను చూడాలంటే ఏదో ఎగ్జిబిషన్‌కు పోవాలి. 2010లో జాతీయ సోలార్ మిషన్ మొదలైనప్పుడు సోలారు యూనిట్‌కు కేంద్ర విద్యుత్ నియంత్రణ మండలి లెక్కగట్టిన ధర 17 రూపాయల 91 పైసలు. 2015 చివర్లో మన అప్పటి కర్నూలు జిల్లా గని దగ్గర సోలార్ పార్కు వేలంలో సన్ఎడిసన్ అనే అమెరికా కంపెనీ 4 రూపాయల 63 పైసలకే ఇస్తానంది. దేశమంతా నోరు తెరిచింది. 2017 మే నాటికి రాజస్థాన్ భడ్లాలో అది 2 రూపాయల 44 పైసలకు దిగింది. ఏడేళ్ళలో ఏడో వంతుకు! బియ్యం ధర, సిమెంటు ధర, బంగారం ధర పెరగడమే చూసిన మా తరానికి ఒక వస్తువు ఇలా దిగడం కొత్త. ఇది ఈ కాలం చేసిన మేలు, ఎవరూ కాదనలేరు.

ఆ సన్ఎడిసన్ ఏమైంది? వేలం గెలిచిన అయిదు నెలలకు, 2016 ఏప్రిల్‌లో, అమెరికా కోర్టులో దివాలా పిటిషన్ వేసింది. మన దేశంలో దాని ఆస్తుల్ని ఆ ఏడాదే గ్రీన్‌కో కొనుక్కుంది. తరువాత ఆరెంజ్, స్కైరాన్ అనే కంపెనీల ప్లాంట్లను కూడా కొంది. ఈ వ్యాపారంలో కంపెనీ పెరగడమంటే సగం కట్టడం, సగం కొనడం. కొన్న రోజున మెగావాట్ల లెక్క ఒక్కసారిగా పైకి లేస్తుంది. పత్రికల్లో ఫోటో వస్తుంది. ఊళ్ళో మాత్రం మర అదే, పలక అదే, కాపలావాడు అతనే. మారేది గేటు మీద బోర్డు.

గని, శకునాల వైపు నేను రిటైరయ్యాక ఒకసారి వెళ్ళాను. దాదాపు ఆరు వేల ఎకరాలు, వెయ్యి మెగావాట్లు. ఎటు చూసినా నీలం పలకలు, నీళ్ళు లేని చెరువులాగా. ఒక గంట నడిచినా మనిషి తగల్లేదు. మా థర్మల్ స్టేషన్ గేటు దగ్గర షిఫ్టు మారే సమయంలో సైకిళ్ళ గంటలు, టీ కొట్లు, కాలనీ బడి వదిలిన పిల్లలు, ఆ రద్దీ నాకు గుర్తొచ్చింది. ఒక థర్మల్ స్టేషన్ ఊరిని కట్టేది. అది పొగ కూడా వదిలేది, బూడిద చెరువుల పక్క పల్లెలు దగ్గుతూ బతికేవి, అది నాకు తెలుసు. పొగ పోవాల్సిందే. కానీ పొగతో పాటు మనుషులూ పోవాలా? ఆరు వేల ఎకరాల్లో జొన్న కోసినవాళ్ళ పిల్లలకు పలకలు కడగడమూ గడ్డి కొట్టడమూ కాక ఇంకేం పని నేర్పారని అడుగుతున్నాను. ఐ.టి.ఐ.లు ఉన్నాయి. మంచి నైపుణ్యం నేర్పితే నేర్చుకునే పిల్లలు ఉన్నారు.

మా అక్క మనవడు హైదరాబాదులో ఇలాంటి కంపెనీ ఒకదానిలోనే ఉన్నాడు. వాడి పని కంట్రోల్ రూమ్‌లో. గోడ నిండా తెరలు, ఏ రాష్ట్రంలో ఏ మర ఎంత తిరుగుతోందో అన్నీ అక్కడ. సంక్రాంతికి వచ్చినప్పుడు మా చేని గట్టున నిలబడి ఫోన్‌లో చూసి, "తాతా, అదిగో ఆ మూడో మర, గేర్‌బాక్స్‌లో వేడి ఎక్కువైంది, రేపు ఆపుతారు" అన్నాడు. మరుసటి రోజు నిజంగానే ఆగింది. నాకు సంతోషం వేసింది, కడుపులో ఏదో మెలిపెట్టినట్టూ అయింది. దాదాపు నాలుగు వందల కిలోమీటర్ల అవతల కూర్చున్నవాడికి ఆ మర గేర్‌బాక్స్ వేడి తెలుసు. దాని అడుగున కొట్టుకుపోయిన చేను సంగతి తెలియదు. దానికి తెర లేదు.

ఆ చేను మా పెదనాన్న కొడుకుది. మరల దగ్గరికి క్రేన్లు పోవడానికి ఒక దారి వేశారు. మట్టి పోసి, రోలర్ తొక్కించి, మనిషి మోకాలెత్తు. దారి మంచిదే, మా బండ్లూ పోతున్నాయి. కానీ వంక అడ్డం వచ్చినచోట తూము పెట్టలేదు. మొదటి పెద్దవానకే నీళ్ళు దారికి కొట్టుకుని పక్కకు మళ్ళి, అన్న చేని నడుమ గండి కొట్టాయి. మూడు తరాలుగా పశువుల ఎరువు తోలి పెంచుకున్న మట్టి, ఒక్క రాత్రిలో పోయింది.

అన్న నన్ను పిలిచాడు, కరెంటోణ్ణి కదా నేను. ఇద్దరం గేటు దగ్గరికి పోయాం. కాపలా పిల్లవాడు మంచివాడే, మంచినీళ్ళు ఇచ్చాడు. వాడు వేసుకున్న చొక్కా మీద సెక్యూరిటీ ఏజెన్సీ పేరు. గేటు మీద ఒక కంపెనీ పేరు. లోపల మరల్ని చూసుకునేవాళ్ళు మర తయారుచేసిన ఇంకో కంపెనీవాళ్ళు. అన్న దగ్గరున్న కాగితంలో, దారి కోసం రెండు కుంటలు కొన్న రోజున రాసిన పేరు, ఈ మూడింటిలో ఏదీ కాదు. ఒక్కో ప్రాజెక్టుకు ఒక్కో కంపెనీ పెడతారట. బ్యాంకు అప్పు ఆ చిన్న కంపెనీ పేరు మీద, ఆస్తి దాని పేరు మీద, అమ్మాలనుకున్నప్పుడు దాన్నే అమ్మేయొచ్చు. అప్పులిచ్చేవాళ్ళకు ఈ ఏర్పాటు మంచిదే, ఒక ప్రాజెక్టు మునిగితే ఇంకోటి మునగదు. మాకు మాత్రం, ఎవరిని అడగాలో తెలియకుండా పోయింది. లోపలినుంచి వచ్చిన ఇంజనీరు "దారి మా స్కోప్ కాదు సార్" అన్నాడు. దారి వేసిన కాంట్రాక్టరు జిల్లా దాటి పోయాడు. పొలం కొనిపెట్టిన మధ్యవర్తి ఫోను ఎత్తలేదు.

"పోనీ నాయనా, మేము వచ్చి చెప్పినట్టు ఒక పుస్తకంలో రాసి నీ సంతకం పెట్టు" అన్నాను. అలాంటి పుస్తకం వాళ్ళ దగ్గర లేదు.

సంతకం మాటకొస్తే ప్రభుత్వాల సంగతీ చెప్పాలి. 2019 జులైలో, రాష్ట్రంలో కొత్త ప్రభుత్వం వచ్చిన నెలా రెండు నెలలకు, గాలి, సోలారు కరెంటు ఒప్పందాల ధరలు ఎక్కువని, మళ్ళీ మాట్లాడాలని కమిటీ వేసింది. గాలి కరెంటుకు యూనిట్ 4 రూపాయల 84 పైసలకు 25 ఏళ్ళ ఒప్పందాలు అప్పటికే ఉన్నాయి. కంపెనీలు హైకోర్టుకు పోయాయి. తేలేదాకా గాలికి 2.43, సోలారుకు 2.44 చొప్పున ఇమ్మని మధ్యంతరంగా చెప్పారు. 2022 మార్చిలో హైకోర్టు ఒప్పందంలో రాసిన ధరే ఇవ్వాలని తీర్పు ఇచ్చింది. నా మాట ఎవరికీ నచ్చదు, అయినా చెబుతాను. 4.84 ఎక్కువే కావచ్చు, దాన్ని సంతకం పెట్టకముందు చూసుకోవాలి. పెట్టాక పెట్టిందే. ఎల్‌.సి. తీసుకున్నవాడే తిరిగి ఇవ్వాలన్న నియమం ప్రభుత్వానికీ వర్తిస్తుంది. అదే నోటితో కంపెనీలకూ చెబుతున్నాను. మీ 4.84 కోసం మూడేళ్ళు కోర్టులో నిలబడ్డారు, నిలబడి గెలిచారు. రెండు కుంటలు అమ్మిన రైతు కాగితం కూడా ఒప్పందమే. అతనికి కోర్టుకు పోయే స్తోమత లేదు, అంతే తేడా.

పిన్నాపురం గురించి చెప్పకపోతే ఈ మాటలు పూర్తి కావు. గ్రీన్‌కో అక్కడ తలపెట్టింది 1,680 మెగావాట్ల పంప్డ్ స్టోరేజి. దానికి తోడు 3,000 మెగావాట్ల సోలారు, 550 మెగావాట్ల గాలి. 2022 మే నెలలో అప్పటి ముఖ్యమంత్రి వెళ్ళి కాంక్రీటు పని మొదలుపెట్టారు. కొండల్లో పైన ఒక జలాశయం, కింద ఒకటి. నది మీద ఆనకట్ట లేదు. ఒకసారి నీళ్ళు నింపుకుంటే అవే నీళ్ళు పైకీ కిందికీ తిరుగుతాయి, ఆవిరైనంత మేరకు నింపుకుంటే చాలు. పగలు ఎండ కరెంటు ఎక్కువగా ఉన్నప్పుడు నీళ్ళను పైకి తోడతారు, పొద్దుగూకాక ఊళ్ళన్నీ దీపాలు వేసినప్పుడు కిందికి వదిలి కరెంటు తీస్తారు.

దీన్ని కొత్త వింత అని టీవీలో చెబుతుంటే నాకు ఉక్రోషం వచ్చింది. నాగార్జునసాగర్‌లో తిరగేసి నడిపే మిషన్లు ఏడు, ఒక్కోటి నూరు మెగావాట్లు, 1980ల్లోనే మా బోర్డు పెట్టింది. నేను అప్పుడు హెల్పరుగా ఉండగా మా ఏఈ గారు బొమ్మ గీసి చెప్పారు, అదే మిషను ఒకవైపు తిరిగితే పంపు, ఇంకోవైపు తిరిగితే టర్బైను అని. శ్రీశైలం ఎడమగట్టు భూగర్భ కేంద్రంలోనూ అలాంటివే ఆరు, 150 మెగావాట్లవి. అయితే సాగర్‌లో దిగువన నీళ్ళు పట్టి ఉంచే టెయిల్‌పాండ్ పూర్తయ్యేసరికి దశాబ్దాలు గడిచిపోయాయి. మిషను ముందు వచ్చింది, దానికి కావలసిన నీటి తొట్టి ఎన్నో ఏళ్ళు వెనకబడింది. ఈ విషయంలో ఇప్పటివాళ్ళు పైజలాశయం, కిందిజలాశయం, మిషను, ఎండ, గాలి అన్నీ ఒకే కాగితం మీద గీసుకుని దిగారు. ఆ పద్ధతి మాకు చేతకాలేదు. ఒప్పుకుంటాను. ఒప్పుకోవడానికి నాకు కష్టంగానే ఉంది, మాలో మహా మహా ఇంజనీర్లు ఉండేవాళ్ళు, వాళ్ళకు డబ్బు సమయానికి రాలేదు.

అన్న చేను మాత్రం అలాగే ఉంది. మొదటి ఏడాది గండిలో రాళ్ళు వేసి చూశాం, నిలవలేదు. రెండో ఏడాది గేటు మీద బోర్డు మారింది, ఆకుపచ్చ రంగు పోయి నీలం వచ్చింది. కొత్తవాళ్ళు వచ్చారని ఆశపడి మళ్ళీ పోయాం. "పాత విషయాలు పాత మేనేజ్‌మెంట్‌ను అడగండి" అన్నారు. అన్నకు ఇప్పుడు డెబ్భై నాలుగు. "వదిలెయ్ రా, నాలుగు సాళ్ళు తగ్గితే తగ్గాయి" అంటాడు. వదలడం నాకు చేతకాదు. అన్నకు నాలుగు సాళ్ళే గానీ, ఈ మరలు ఇంకా ఎన్నో కొండలు ఎక్కబోతున్నాయి. దేశం 2030 నాటికి బొగ్గూ గ్యాసూ లేని కరెంటు అయిదు లక్షల మెగావాట్లు అనుకుంటోంది. కావలసిన లక్ష్యమే. ఆ దారిలో ఎన్ని వంకలు అడ్డం వస్తాయి, ఎన్ని తూములు పెట్టాలి!

అందుకని నేనే ఒక పుస్తకం పెట్టుకున్నాను. నూరు పేజీల రూళ్ళ పుస్తకం, ఎల్‌.సి. పుస్తకం లాగే గీతలు గీసుకున్నాను. ఏ మర నంబరు దగ్గర, ఏ సర్వే నంబరులో, ఏమైంది, ఎవరికి చెప్పాం, ఎన్ని గంటలకు. చుట్టుపక్కల మూడు ఊళ్ళవాళ్ళు వచ్చి రాయిస్తున్నారు. ఒకరికి చేని గట్టు తెగింది, ఒకరి పాత బాటకు కంచె అడ్డం వచ్చింది, ఒకరికి రెండేళ్ళుగా లీజు డబ్బు పాత బ్యాంకు ఖాతాకే పోతోంది. చివరి గడి ఒకటి ఖాళీగా వదిలాను. 'తిరిగి ఇచ్చినవారి పేరు, సంతకం' అని దాని తలమీద రాశాను.

ఈ ఆషాఢంలో మరలన్నీ హోరుమని తిరుగుతున్నాయి. పోయిన సోమవారం నాలుగోసారి గేటు దగ్గరికి పోయాను, కాపలా పిల్లవాడు లోపలికి ఫోను చేశాడు. కొత్తగా చేరిన అమ్మాయి ఒకతె హెల్మెట్‌తోనే బయటికి వచ్చింది, ఇరవై మూడో ఇరవై నాలుగో ఉంటాయి. నా పుస్తకం తీసుకుని గేటు పక్క అరుగు మీద కూర్చుని మొదటి పేజీ నుంచి చదివింది. సగం చదివాక లేచి, "చేను ఎక్కడ తాతా, చూపిస్తారా?" అంది. ఇద్దరం ఎండలో కిలోమీటరున్నర నడిచాం. గండిలోకి దిగి అడుగులతో కొలుచుకుంది, ఫోటోలు తీసుకుంది. తూము పెట్టిస్తానని చెప్పలేదు, పైకి రాస్తానంది. నేను పెన్ను ఇచ్చాను. వచ్చి చూసినట్టు రాసి, పేరు, తేదీ, సమయం 11.40 అని వేసింది.

ఆ కింద అన్న వేలిముద్ర వేశాడు.